వక్ఫ్ ఆస్తికి మళ్ళీ గడువు

(ముతవల్లీలు, మస్జిదు కమిటీల బాధ్యుల సమావేశంలో ఒక న్యాయవాది చేసిన ప్రసంగ పాఠం)





ఉమ్మడి ప్రార్థనా స్థలాల వివాదాలు, ఆస్తి చట్టం, కాలపరిమితి అన్నది నాకు ఇచ్చిన అంశం. రుచి లేని విషయమని ముందే ఒప్పుకుంటాను. అందుకే చట్టంతో కాకుండా ఒక సంచితో మొదలుపెడతాను.

కొన్నేళ్ళ క్రితం ఒక పెద్దాయన నా కార్యాలయానికి వచ్చారు. చేతిలో గుడ్డ సంచి. అందులో తమ గ్రామపు ఖబరస్తాన్ అంచున జరిగిన కబ్జా గురించి తహసీల్దారుకు, ఆర్డీవోకు, కలెక్టరుకు, వక్ఫ్ బోర్డుకు ఇచ్చిన వినతిపత్రాల నకళ్ళున్నాయి. ప్రతి కాగితం మీదా అందినట్లు ముద్ర. తేదీల వరుసలో పేర్చి చూస్తే 14 సంవత్సరాల చరిత్ర. "దావా వేశారా చాచా?" అని అడిగాను. "ఇన్ని కాగితాలు పెట్టాం కదా వకీల్ సాబ్!" అన్నారు ఆశ్చర్యంగా. ఆనాడు నేను ఆయనకిచ్చిన జవాబు ఇది: "భయపడకండి, వక్ఫ్ భూమికి కాలదోషం పట్టదు. సెక్షన్ 107 ఉంది. నిదానంగా వేద్దాం."

ఆ మాట ఆనాటి చట్టం ప్రకారం తప్పు కాదు. కాని "నిదానంగా" అన్నానే, ఆ ఒక్క మాటను ఈ రోజు వెనక్కు తీసుకోవడానికే మీ ముందు నిలబడ్డాను. 2025 ఏప్రిల్ 8న వక్ఫ్ సవరణ చట్టం అమలులోకి వచ్చింది. సెక్షన్ 107 స్థానంలో దానికి సరిగ్గా విరుద్ధమైన వాక్యం వచ్చి చేరింది. వక్ఫ్ స్థిరాస్తికి సంబంధించిన ఏ వ్యవహారానికైనా ఇక 1963 నాటి కాలపరిమితి చట్టం వర్తిస్తుంది.

కాలపరిమితి మనకు తెలియని సంగతి కాదు. ప్రోనోటు రాసి మూడేళ్ళు దాటితే కాలదోషం పట్టిందంటామని పల్లెలో అక్షరం రానివారికీ తెలుసు. అయితే నోటుకూ భూమికీ ఒక పెద్ద తేడా ఉంది. నోటుకు కాలదోషం పడితే కోర్టు తలుపు మాత్రమే మూసుకుంటుంది. అప్పు అప్పుగానే ఉంటుంది. బాకీపడినవాడు దేవుడికి జడిసి తీర్చవచ్చు. భూమి విషయంలో అట్లా కాదు. స్వాధీనం కోరుతూ దావా వేయవలసిన గడువు ముగిస్తే ఆ భూమిపై హక్కే నశిస్తుందని సెక్షన్ 27 చెబుతోంది. ఆ గడువు, ఆర్టికల్ 65 ప్రకారం, అవతలివారి స్వాధీనం మన హక్కుకు ప్రతికూలంగా మారిన నాటి నుండి 12 సంవత్సరాలు. ప్రభుత్వం వేసే దావాకైతే ఆర్టికల్ 112 కింద 30 సంవత్సరాలు. గడువు దాటిందని ప్రతివాది అనకపోయినా కోర్టు తనంతట తానే దావాను కొట్టివేయాలని సెక్షన్ 3 ఆదేశం. ఆలస్యాన్ని మన్నించమని వేడుకునేందుకు సెక్షన్ 5 ఉంది గదా అనకండి. అది అప్పీళ్ళకు, దరఖాస్తులకు మాత్రమే. దావాకు వర్తించదు.

పన్నెండేళ్ళు ఓపిక పడితే దొంగకు ఇల్లు దక్కుతుందా అని మన యువకులు కోపంగా అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. ఇదంతా ఇంగ్లీషువారు మన నెత్తిన రుద్దిన సిద్ధాంతమని కూడా కొందరంటారు. పూర్తిగా అట్లా అనలేము. 19వ శతాబ్దంలో ఉస్మానియా సామ్రాజ్యం హనఫీ ఫిఖ్హ్ ఆధారంగా కూర్చిన మజల్లా, సాధారణ దావాలకు 15 సంవత్సరాలు, వక్ఫ్ మూలానికి సంబంధించిన దావాలకు 36 సంవత్సరాలు గడువు పెట్టింది. సాక్షులు పోతారు, పత్రాలు చెదలు తింటాయి, ఖాజీ అయినా ఎంత వెనక్కని వెళ్ళగలడు? కాని అదే మజల్లా, కాలం గడిచినంత మాత్రాన హక్కు నశించదని కూడా విడిగా రాసింది. ఖాజీ వినకపోవచ్చు, ఆక్రమించినవాడి మెడ మీద బాధ్యత మాత్రం ఉండిపోతుంది. మన దేశపు సెక్షన్ 27లో ఆ రెండో మాట లేదు. వక్ఫ్ చేసిన వస్తువు అల్లాహ్‌దే, ఎన్నటికీ వక్ఫే అన్నది మన విశ్వాసం. ఆ విశ్వాసం సత్యమే. అయితే అది దావాకు బదులుగా పనిచేస్తుందనుకోవడమే మన పొరపాటు. ఈ పొరపాటుకు ఎంత మూల్యం చెల్లించామో చెప్పడానికి రెండు కేసులు చాలు.

మొదటిది లాహోరుకు చెందినది. అక్కడ 1722లో ఫలక్ బేగ్ ఖాన్ అనే ఆయన ఒక మస్జిదును వక్ఫ్ చేశాడు. 1762 ప్రాంతంలో అది సిక్కుల అధీనంలోకి పోయింది. పక్కనే వారి అమరవీరుల స్మారక స్థలం, గురుద్వారా. అందుకే దానికి షహీద్‌గంజ్ అని పేరు. 1849లో ఇంగ్లీషువారు పంజాబును కలుపుకున్న తరువాత ముతవల్లీ వంశీకుడొకరు కోర్టుకెక్కి ఓడిపోయాడు. గుమ్మటాలు, మిహ్రాబ్ ఉన్న కట్టడం అట్లాగే నిలిచి ఉంది. నమాజు లేదు. 1935 జూలైలో ఒక రాత్రి దానిని కూల్చివేశారు. ఊరంతా అట్టుడికింది. కాల్పులు జరిగాయి, ప్రాణాలు పోయాయి. ఆ సంవత్సరం అక్టోబరులో దావా పడింది. అందులో మొదటి వాది ఎవరనుకున్నారు? మస్జిదే. విగ్రహం తన పేరున దావా వేయగలిగినప్పుడు మస్జిదు ఎందుకు వేయరాదన్నది మన వకీళ్ళ ఆలోచన.

జిల్లా కోర్టులో ఓటమి. హైకోర్టులో ఇద్దరు న్యాయమూర్తులు ఒకవైపు, జస్టిస్ దీన్ ముహమ్మద్ ఒక్కరు మరోవైపు. చివరికి 1940 మే 2న ప్రివీ కౌన్సిల్ తేల్చింది: విగ్రహంలాగా మస్జిదు తన పేరున దావా వేయజాలదు. మస్జిదు స్థలమైనా సరే, 12 సంవత్సరాలకు మించి ప్రతికూల స్వాధీనంలో ఉంటే దానిపై హక్కు పోతుంది. ఆ మధ్యలో ఆ నష్టాన్ని శాసనం ద్వారా సరిదిద్దాలని పంజాబ్ శాసనసభలో ప్రయత్నం జరిగింది. దానికి అడ్డుచెప్పినది ముస్లిం ప్రధాని సికందర్ హయాత్ ఖాన్ ప్రభుత్వమే. ఒకరి కోసం పాత లెక్కలు తిరగదోడితే రేపు అందరూ తిరగదోడతారన్నది ఆయన భయం. ఆ భయం ఎంత నిజమో ఈనాడు మనకు తెలుసు. 1947లో లాహోరు పాకిస్తాన్‌కు వెళ్ళింది. ఆ స్థలం మాత్రం నేటికీ గురుద్వారాగానే ఉంది.

రెండవ కేసు అయోధ్య. 2019 నవంబరు 9 నాటి తీర్పును మనం దుఃఖంతో చదివాం, కోపంతో చదివాం. ఈ పూట దానిని కేవలం తేదీలుగా చదువుదాం.

1949 డిసెంబరు 16, శుక్రవారం. బాబ్రీ మస్జిదులో చివరి జుమా నమాజు. డిసెంబరు 22-23 రాత్రి లోపల విగ్రహాలు పెట్టారు. 29న మేజిస్ట్రేటు సెక్షన్ 145 కింద జప్తు ఉత్తర్వు ఇచ్చాడు. 1950 జనవరి 5న రిసీవరు స్వాధీనం చేసుకున్నాడు. జనవరి 16కల్లా గోపాల్ సింగ్ విశారద్ పూజాహక్కు కోసం దావా వేశాడు. నిర్మోహీ అఖాడా 1959 డిసెంబరు 17న వేసింది. సున్నీ సెంట్రల్ వక్ఫ్ బోర్డు, అయోధ్యకు చెందిన ముస్లింలు కలిసి వేసినది 1961 డిసెంబరు 18న. రామ్‌లల్లా విరాజ్‌మాన్ పేరున దావా పడినది 1989 జూలై 1న.

అఖాడా కోరినది రిసీవరు చేతి నుండి నిర్వహణ బాధ్యతను తిరిగి ఇప్పించమని. దానికి అప్పటి 1908 చట్టంలోని ఆర్టికల్ 120 వర్తిస్తుందని, గడువు ఆరేళ్ళేనని సుప్రీంకోర్టు చెప్పింది. రిసీవరు వచ్చిన నాటి నుండి లెక్కిస్తే 1956 జనవరి 5తో సరి. అఖాడా దాదాపు నాలుగేళ్ళు ఆలస్యంగా వచ్చింది. దావా పోయింది. అంటే కాలదోషం ముస్లింల దావాలకే పడుతుందన్న అపోహ ఎవరికైనా ఉంటే వదులుకోవాలి.

మన దావా సంగతి? 2010లో అలహాబాద్ హైకోర్టులో ముగ్గురిలో ఇద్దరు న్యాయమూర్తులు కాలదోషం పట్టిందనే అన్నారు. సుప్రీంకోర్టు ఆ అభిప్రాయాన్ని తోసిపుచ్చింది. ఇది హక్కు ప్రకటన ఒక్కటే కోరిన దావా కాదు, స్వాధీనం కూడా కోరిన దావా, కనుక గడువు ఆరేళ్ళు కాదు, 12 సంవత్సరాలు అన్నది. విగ్రహాలు పెట్టిన రాత్రి నుండి లెక్కించి, దావా గడువు లోపలే ఉందన్నది.

ఎంత లోపల? నాలుగైదు రోజులు! పన్నెండేళ్ళలో మిగిలినవి నాలుగైదు రోజులు. ఆ వారం వకీలుకు జ్వరం వచ్చి ఉంటే, స్టాంపు రుసుముకు చందాలు సమకూడక మరుసటి వారానికి వాయిదా వేసుకొని ఉంటే, దేశ చరిత్రలో అతి పెద్ద వ్యాజ్యంలో మన కథ మొదటి గుమ్మంలోనే ముగిసేది. మరొక సంగతి కూడా నన్ను ఎప్పుడూ ఆశ్చర్యపరుస్తుంది. కోర్టు అవసరమని భావిస్తే స్వాధీనం కూడా ఇప్పించవలసిందని ఆ అర్జీలో ఒక అంశం చేర్చారు. ఆ ఒక్క అంశం లేకుంటే అది ప్రకటన దావాగా మిగిలి ఆరేళ్ళ లెక్కలో చిక్కుకునేది. ఎవరు రాశారో, ఏ రాత్రి రాశారో! అల్లాహ్ ఆయనకు ప్రతిఫలమివ్వుగాక. ఆనాటివారిని నేను తప్పుపట్టడం లేదు. దేశ విభజన గాయాలు మానని రోజులవి. కోర్టుకెళ్ళడమే ఒక సాహసం.

అయితే గడువు లోపల వెళ్ళినంత మాత్రాన గెలిచినట్లు కాదు. లోపల ఎదురయ్యేది రుజువు. 1856-57 ఘర్షణల తరువాత ఇంగ్లీషు ప్రభుత్వం ఆ ఆవరణను ఇటుక గోడతో, కటకటాలతో రెండుగా విడదీసింది. లోపల మస్జిదు, బయట రామ్ చబూత్రా, సీతా రసోయీ. బయటి ఆవరణలో హిందువుల స్వాధీనం అవిచ్ఛిన్నమన్నది కోర్టు. లోపలి భాగంలో 1857కు ముందు తమది మాత్రమే అయిన స్వాధీనం ఉన్నట్లు ముస్లింలు ఆధారాలు చూపలేదన్నది. మస్జిదు పోషణకు ఇంగ్లీషు ప్రభుత్వం కొనసాగించిన గ్రాంటును హక్కుకు రుజువుగా అంగీకరించలేదు. ప్రత్యామ్నాయంగా మనవారు ప్రతికూల స్వాధీనమని కూడా వాదించారు. అదీ నిలువలేదు. ప్రతికూల స్వాధీనమని చెప్పాలంటే ముందు అవతలివాడే యజమాని అని ఒప్పుకోవాలి, ఫలానా తేదీ నుండి అతని హక్కును ధిక్కరించి బహిరంగంగా ఉన్నామని చూపాలి. "ఇది మొదటి నుండి మాదే" అనేవాడు ఆ మాట ఎట్లా అనగలడు?

1949 నాటి చర్య మస్జిదును అపవిత్రం చేసినదని, 1992 నాటి కూల్చివేత చట్టబద్ధ పాలనను ఘోరంగా ఉల్లంఘించినదని చెప్పిన అదే తీర్పు, స్థలాన్ని రెండవ పక్షానికి ఇచ్చి మనకు వేరొకచోట ఐదు ఎకరాలు ఇప్పించింది. మన నుండి కోరినంత కఠినమైన రుజువును లోపలి భాగం విషయంలో అవతలివారి నుండి కోరలేదని నా అభిప్రాయం. ఇది వకీలుగా నా అభిప్రాయం, భావావేశం కాదు. 1989లో, అంటే 40 సంవత్సరాల తరువాత పడిన దావా గడువు లోపల ఎట్లా అయింది అని మీరడగవచ్చు. దేవత శాశ్వత మైనరు గనుక గడువు వర్తించదన్న వాదనను కోర్టు ఒప్పుకోలేదు. మునుపటి దావాలలో దేవతలు కక్షిదారులు కారు, వారి ప్రయోజనాలను ఎవరూ సరిగా కాపాడలేదు అన్న కారణం చెప్పింది. మస్జిదుకు ఆ వెసులుబాటు లేదు. దానికి దావా వేసే నోరు 1940లోనే పోయింది. దాని నోరు మనమే. అంటే ముతవల్లీ, కమిటీ, బోర్డు, నమాజు చదివే సామాన్యుడు.

ఇక మన చట్టాల దగ్గరకు వద్దాం. దేశ విభజన కల్లోలంలో, 1947 ఆగస్టు 14కూ 1954 మే 7కూ మధ్య స్వాధీనం కోల్పోయిన వక్ఫ్ ఆస్తుల కోసం 1959లో పార్లమెంటు గడువును పొడిగించింది. (అయోధ్యలో లెక్క 12 సంవత్సరాల మీదే తేలింది గనుక ఆ చర్చలోకి ఇప్పుడు పోను.) తరువాత 1995 వక్ఫ్ చట్టం సెక్షన్ 107 ద్వారా గడువునే తొలగించింది. దాదాపు 30 సంవత్సరాలు ఆ నీడలో ఉన్నాం. ఆ నీడను ఎట్లా వాడుకున్నాం? కబ్జాలు తొలగించడానికి వాడుకున్న కమిటీలు కొన్ని. వాయిదా వేయడానికి వాడుకున్నవి అనేకం. నేను రెండవ కోవలో ఉన్నానని మొదటే ఒప్పుకున్నాను.

2025 సవరణను సవాలు చేసిన పిటిషన్లలో సుప్రీంకోర్టు సెప్టెంబరు 15న మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది. ఐదేళ్ళు ఇస్లాం ఆచరించినవాడే వక్ఫ్ చేయాలన్న నిబంధనను, ప్రభుత్వ అధికారి విచారణతోనే ఆస్తి స్వభావం మారిపోయే ఏర్పాటును ఆపింది. కాలపరిమితి వర్తింపును మాత్రం ఆపలేదు. ఇతరుల ఆస్తులకున్న గడువు వక్ఫ్‌కు లేకపోవడం ఒక వివక్ష, సవరణ దానిని తొలగించిందన్న వైఖరి తీసుకుంది. వినియోగం వల్ల ఏర్పడిన వక్ఫ్‌ను ఇకముందుకు రద్దు చేసిన నిబంధననూ ఆపలేదు. కేసు ఇంకా ఉంది. తుది తీర్పు వేరుగా రావచ్చు, రావాలని దుఆ చేద్దాం. కాని గడియారం తుది తీర్పు కోసం ఆగదు.

ఇక్కడ అందరూ అడిగే ప్రశ్న ఒకటుంది. 2025కు ముందు గడిచిన ఏళ్ళు లెక్కలోకి వస్తాయా? సెక్షన్ 107 ఉన్నంతకాలం గడువే లేదు గనుక కొత్త చట్టం నాటి నుండే లెక్క మొదలవ్వాలని మనం గట్టిగా వాదించవచ్చు, వాదిస్తాం. పాత ఏళ్ళనూ కలపాలని అవతలివారు వాదిస్తారు. ఈ రెంటిలో ఏది నెగ్గుతుందో చూద్దామని కూర్చునేవాడు తెలివైనవాడు కాదు. కబ్జా ఎప్పుడు జరిగినా, మీ గడువు రేపే ముగుస్తుందనుకొని నడవండి.

దీనికి తోడు మరొక చిన్న గడువును చాలామంది గమనించలేదు. సవరించిన సెక్షన్ 36 ప్రకారం, రిజిస్టరు కాని వక్ఫ్ తరఫున హక్కు కోసం వేసే దావాను చట్టం అమలైన ఆరు నెలల తరువాత కోర్టు స్వీకరించకూడదు. తగిన కారణం చూపితేనే మినహాయింపు. రిజిస్టరైన ఆస్తుల వివరాలను కూడా ఉమీద్ పోర్టల్‌లో నమోదు చేయాలి. ఆ గడువును సార్వత్రికంగా పొడిగించడానికి 2025 డిసెంబరు 1న సుప్రీంకోర్టు నిరాకరించి, కావలసినవారు ట్రిబ్యునల్‌నే ఆశ్రయించాలన్నది. నమోదు మిగిలిపోయిన ఆస్తులున్నవారు, దయచేసి, ఎవరో ఏదో చేస్తారని చూడకండి.

1991 ప్రార్థనా స్థలాల చట్టం ఉంది గదా అంటారు. ఉంది, దానిని కాపాడుకోవాలి. 1947 ఆగస్టు 15న ఏ ప్రార్థనా స్థలం ఏ మతస్వభావంతో ఉందో ఆ స్వభావమే కొనసాగాలన్నది దాని సారం. కొత్త దావాలు నమోదు చేయవద్దని, ఉన్నవాటిలో సర్వేల వంటి ఉత్తర్వులు ఇవ్వవద్దని 2024 డిసెంబరు 12న సుప్రీంకోర్టు కింది కోర్టులను ఆదేశించింది. కాని ఆ చట్టాన్ని ఆసాంతం చదవండి. సెక్షన్ 4లోని మూడవ ఉపసెక్షన్‌లో మినహాయింపులున్నాయి. చట్టం అమలుకు ముందే జరిగిపోయిన మార్పు మన మౌనాంగీకారంతో జరిగినదైతే, లేదా దానిని సవాలు చేసే గడువు అప్పటికే ముగిసిపోయి ఉంటే, ఆ చట్టం కాపాడదు. అంటే 1947కూ 1991కీ మధ్య పోగొట్టుకొని దావా వేయని మస్జిదుకు అందులో ఆశ్రయం లేదు. ఆ గొప్ప చట్టంలో సైతం తలుపు దగ్గర కాలపరిమితి కాపలా కూర్చుంది.

మథుర కేసులో ఇదే గడువు మరో రూపంలో కనిపిస్తుంది. 13.37 ఎకరాల స్థలంపై 1968 అక్టోబరులో శ్రీకృష్ణ జన్మస్థాన్ సేవా సంఘ్, షాహీ ఈద్గా ట్రస్టు రాజీపడ్డాయి. ఆ రాజీ చెల్లదంటూ 2020లో, అంటే 52 ఏళ్ళకు దావా పడింది. ఆ వెంట మరిన్ని పడ్డాయి. పత్రం రద్దు కోరడానికి మామూలుగా గడువు, ఆ సంగతి తెలిసిన నాటి నుండి మూడేళ్ళు. ఈద్గా పక్షం ఆ అభ్యంతరమే లేవనెత్తింది. 2024 ఆగస్టు 1న అలహాబాద్ హైకోర్టు దానిని తోసిపుచ్చింది. గడువు విషయం సాక్ష్యం విన్నాక తేలవలసినదని, ప్రాథమిక దశలో దావాలను కొట్టివేయలేమని చెప్పింది. గడువు అనే గోడ అర్ధశతాబ్దం తరువాత కూడా కొందరికి దాటదగినదిగా కనిపిస్తే, మనకు మాత్రం అది నాలుగైదు రోజుల తేడాతో ప్రాణాలు నిలిపే గోడ. ఈ తేడాను ఎత్తిచూపడం మన హక్కు. కాని మన దావాల ఆలస్యానికి దానిని సాకుగా వాడుకోలేము.

ఇప్పుడు నా మనసులో ఎక్కువగా ఉన్న విషయానికి వస్తాను. ఈ కేసులు విన్న తరువాత కొన్ని ఊళ్ళ కమిటీలలో ఒక ఆలోచన తలెత్తుతోంది. దర్గాకు ఇతరులు రాకుండా చూద్దాం, పీర్ల చావిడిలో మనవాళ్ళే ఉండాలి, లేకపోతే రేపు ఇది మాది అంటారు, అని. ఈ ఆలోచన ఎందుకు పుట్టిందో నాకు అర్థమవుతుంది. బాబ్రీ బయటి ఆవరణ గుర్తుకు రానివారెవరు? కాని అన్నదమ్ములారా, ఇది చట్టరీత్యా అనవసరం, ధర్మరీత్యా నష్టం. నెల్లూరు బారాషహీద్ దర్గా దగ్గర రొట్టెల పండుగకు వచ్చేవారిలో ముస్లింలెందరు, హిందువులెందరు అని ఎవరు లెక్కపెట్టారు? అనంతపురం జిల్లా గూగూడులో కుళ్ళాయిస్వామి పేరు మీద జరిగే మొహర్రం ఎవరిది? అందులో కొన్ని ఆచారాలతో మన ఉలమాలకు భేదాభిప్రాయం ఉంది, అది వేరే సభకు తగిన చర్చ. ఆస్తి చట్టం అడిగే ప్రశ్న ఒక్కటే: వచ్చినవాడు ఎవరి అనుమతితో వచ్చాడు?

అనుమతితో ఉన్నవాడి స్వాధీనం వందేళ్ళయినా ప్రతికూలం కాదు. ఇది స్థిరపడిన న్యాయసూత్రం. అతిథి యజమాని కావాలంటే ఏదో ఒకనాడు "ఇది నాది, నీ అనుమతి నాకక్కరలేదు" అని బహిరంగంగా ధిక్కరించాలి. గడువు ఆ రోజు నుండే. దారి హక్కు విషయంలోనూ అంతే. కాలపరిమితి చట్టం సెక్షన్ 25 ప్రకారం 20 సంవత్సరాలు హక్కుగా నడిస్తేనే దారి హక్కు వస్తుంది. అడిగి నడిచేవాడికి రాదు. కాబట్టి మనకు కావలసినది మూసిన గేటు కాదు, రాసిన కాగితం. ఉరుసుకు వంటశాల స్థలం ఇచ్చారా? ఏ కమిటీ, ఏ తేదీ నుండి ఏ తేదీ వరకు, ఎవరి కోరిక మీద ఇచ్చిందో మినిట్స్ పుస్తకంలో రాయండి, ఆ పెద్దల సంతకం తీసుకోండి. ప్రతి సంవత్సరం మళ్ళీ రాయండి. గంధం ఊరేగింపు ఎవరి స్థలం మీదుగా పోతుందో, ఆ స్థలం యజమానికి మనమూ అట్లాంటి లేఖే ఇవ్వాలి. ఇతరుల స్థలం మీద మనకు హక్కు వస్తుందన్న ఆశ మనకూ వద్దు. ఖుర్ఆన్‌లో అన్నిటికంటే సుదీర్ఘమైన ఆయత్ దేని గురించో ఉలమాలకు నేను చెప్పనక్కరలేదు. అప్పు పత్రం రాసుకోవడం గురించి, సాక్షుల గురించి. రాసుకోవడం అపనమ్మకం కాదు.

మస్జిదు దుకాణాల అద్దెదారులకూ ఇదే సూత్రం. అద్దెకున్నవాడు యజమాని హక్కును కాదనలేడు. కాని అద్దె రసీదులే లేకుండా మాట మీద నడిచే దుకాణాలు మన దగ్గర ఎన్నో ఉన్నాయి. కిరాయినామా తిరగరాయించండి. గడువు ముగియకముందు అవతలివారు మన హక్కును అంగీకరిస్తూ సంతకం చేసిన కాగితం ఉంటే, సెక్షన్ 18 ప్రకారం గడువు ఆనాటి నుండి మళ్ళీ మొదలవుతుంది.

రుజువుల సంగతి. ఆంధ్ర ప్రాంతంలో ఇనాం ఫెయిర్ రిజిస్టరు, ఆర్‌ఎస్‌ఆర్, అడంగళ్ళు. తెలంగాణలో సేత్వారు, పహాణీలు, నిజాం కాలపు మున్తఖబ్‌లు. వక్ఫ్ గెజిట్‌లో మీ ఆస్తి ఎక్కడుందో, సర్వే నంబరు, విస్తీర్ణం సరిగా ఉన్నాయో చూడండి. రిజిస్ట్రేషన్ నిషేధిత జాబితాలో, అంటే 22-ఎలో, ఆ నంబరు ఉందో లేదో చూడండి. ఇవి హక్కుకు. స్వాధీనానికి వేరే రుజువు కావాలి: కరెంటు బిల్లు, ఇంటి పన్ను రసీదు, ఇమాముకు జీతమిచ్చిన పుస్తకం, ఖననాల రిజిస్టరు, సున్నం వేయించిన మేస్త్రీ రసీదు. నవ్వకండి. 1857కు ముందు ఎవరు సున్నం వేయించారో చూపగలిగి ఉంటే అయోధ్యలో మన వకీళ్ళు ఇంకొక మాట అనగలిగేవారు.

ఇక కబ్జా జరిగితే. మొదటి పని ఆ తేదీని గోడ మీదనైనా రాసుకోవడం. ఫోటో తీయండి, పోలీసులకు ఫిర్యాదు ఇవ్వండి, కలెక్టరుకు అర్జీ పెట్టండి, అన్నీ చేయండి. కాని వినతిపత్రం గడియారాన్ని ఆపదు. ఎన్ని ముద్రలున్నా ఆపదు. దావా ఒక్కటే ఆపుతుంది. ఆ దావాలో ప్రకటన ఒక్కటే కోరకండి, స్వాధీనం కూడా కోరండి. ప్రకటన దావాకు గడువు మూడేళ్ళే. ట్రిబ్యునల్ తీర్పు మీకు వ్యతిరేకంగా వస్తే హైకోర్టుకు అప్పీలు 90 రోజుల్లో. బోర్డు వేస్తుందిలే అని కమిటీ, కమిటీ వేస్తుందిలే అని బోర్డు ఎదురుచూసే ఆట ఇక చాలు.

ఆ పెద్దాయన సంగతి చెప్పి ముగిస్తాను. సవరణ చట్టం వచ్చిన వారానికే నేనే ఆయన ఊరికి ఫోను చేశాను. ఆయన లేరు, కుమారుడు మాట్లాడాడు. సంచి ఉందా అని అడిగాను. ఉంది అన్నాడు. దావా వేశాం. పాత ఏళ్ళ లెక్క మీద ప్రతివాది అభ్యంతరం చెప్పాడు, వాదనలు సాగుతున్నాయి.

ఇప్పుడు మీ వంతు. గెజిట్ నకలు, పహాణీలు వెంట తెచ్చుకున్నవారు ముందు వరుసలోకి రండి. ఆక్రమణ తేదీ తెలిసినవారితో మొదలుపెడదాం. తెలియనివారు అసర్ నమాజు తరువాత నా దగ్గర కూర్చోండి, ఇద్దరం కలిసి వెతుకుదాం.